నాన్న జబ్బు నాకూ వస్తుందా?

ప్రశ్న: మా నాన్నగారికి హంటింగ్టన్ జబ్బని తేల్చారు. నాకు 28 ఏళ్లు, లక్షణాలేవీ లేవు. ముందే తెలుసుకోగలమా?

జవాబు: తెలుసుకోవచ్చు. ఈ జబ్బు తెచ్చే జన్యులోపం మీకు సంక్రమించే అవకాశం సగానికి సగం. వెనిజులాలో మరకైబో సరస్సు ఒడ్డున ఈ జబ్బు తరతరాలుగా పీడిస్తున్న కుటుంబాలు రక్తమిచ్చి ఆ జన్యువును వెతికే శాస్త్రవేత్తలకు తోడ్పడ్డాయి. జబ్బుతోపాటే సంక్రమించే డీఎన్ఏ గుర్తు 1983లో 4వ క్రోమోజోము మీద దొరికింది. అసలు జన్యువు చిక్కడానికి మరో పదేళ్లు పట్టింది. అందులో సీఏజీ అనే మూడక్షరాలు వరసగా 40 సార్లు, అంతకుమించి ఉంటే జబ్బు తప్పదనే లెక్క. రక్తపరీక్షలో అది తేలుతుంది. ఏ వయసులో మొదలవుతుందో మాత్రం కచ్చితంగా తేలదు. పూర్తిగా నయంచేసే మందూ లేదు. అందుకే ముందు జెనెటిక్ కౌన్సెలర్‌తో మాట్లాడండి. ఇంట్లోవాళ్ల ఒత్తిడితో మాత్రం పరీక్షకు వెళ్లకండి.