బొగ్గుతో బొమ్మలేసే బిడ్డకు

బిడ్డా,

నువ్వు ఫోన్‌ల పంపిన బొమ్మలన్నీ చూసిన. క్యాలెండర్ తీసేసినంక క్వార్టర్ గోడ మీద మిగిలిన తెల్లటి గుర్తు, మేకుకు వేలాడే మీ బాపు బెల్టు, పొద్దున వేసిన ముగ్గు మీద మాపటికి పేరుకున్న నల్ల దుమ్ము. ఆ ముగ్గు దగ్గర చాలాసేపు ఆగిన. సాన్పి చల్లిన నేల ఆరేటప్పుడు అంచున పడే చారను కూడా నువ్వు వదల్లేదు. నీ చేతిలో పనితనం ఉంది, అందులో నాకు అనుమానం లేదు.

నాకు పేచీ ఒక్కచోటే. ప్రదర్శనకు ఆ ముగ్గు పక్కనే ఓపెన్‌కాస్టు కింద పోయిన ఊరి బొమ్మ పెట్టినవు. రెండింటికీ అదే వెలిసిన రంగు, అదే నిట్టూర్పు. ముగ్గు రేపటికి చెరుగుతదని తెలిసే మీ అమ్మ వేస్తది. నీళ్లల్ల కలుపుతమని తెలిసే బతుకమ్మను పేరుస్తం. ఊరు అట్ల పోలేదు. దానికి భూసేకరణ నోటీసు వచ్చింది, సర్వే నంబర్లు వచ్చినయి, ఇంటికింత అని లెక్కగట్టిన కాగితం వచ్చింది, ఆఖరుకు డోజర్ వచ్చింది. ఆ రెండు పోవడాలు ఒక్కటి కాదు. ఒకే గోడకు పెడితే చూసేటోళ్లు రెండింటికీ ఒకే తీరుగ తలూపి పోతరు.

నేను ఉద్యోగమంతా సర్వే ఆఫీసుల బాయి ప్లాన్లు గీసినోణ్ని. గుర్తుపెట్టుకోవడమంటే ఏందో ఆ బల్ల మీదనే తెలిసింది. లోపల గ్యాలరీలు తవ్వుతం, నడుమ పిల్లర్లు వదులుతం. తర్వాత ఆ పిల్లర్లు కూడా తీసి, ఖాళీలోకి గోదావరి ఇసుకను నీళ్లతో కలిపి పైపులల్ల పంపుతం, లేదంటే కప్పును కూలనిస్తం. మనుషులు రోజూ టిఫిన్ డబ్బా విప్పుకొని తిన్న చోటును మళ్లీ ఎవరూ చూడరు. మిగిలేది ప్లాన్ మీద గీత, దాని పక్కన తేదీ. పాత పనులకు 60 మీటర్ల దగ్గరికి వస్తే అనుమతి లేనిదే ముందుకు పోవద్దని గనుల నిబంధన ఉంది, ఎందుకంటే వదిలేసిన పనులల్ల నీళ్లు నిలుస్తయి. 1975 డిసెంబర్ 27న ధన్‌బాద్ దగ్గర చస్నాలాలో అట్లాంటి నీళ్లే విరుచుకుపడి 375 మంది చనిపోయిన్రు. మన గోదావరిఖని 7 ఎల్‌ఈపీ గనిలో 2003 జూన్ 16న నీళ్లు ముంచుకొచ్చి 17 మంది పోయిన్రు. ఆ ఇండ్ల పిల్లలు ఇప్పుడు నీ ఈడుకు వచ్చి ఉంటరు. అందుకే ఈ నేల మీద మరుపును అందంగా చూపిస్తే నాకు మనసొప్పదు.

చంద్రాపూర్ జిల్లా సాస్తిలో గని కార్మికుల కుటుంబంలో పుట్టిన చిత్రకారుడు ప్రభాకర్ పచ్‌పుతే పని వెతికి చూడు. మనకు ఉత్తరాన, వార్ధా లోయ బొగ్గు అది. ఆయన చార్‌కోల్‌తో నేరుగా ప్రదర్శనశాల గోడల మీదనే గీస్తడు. ప్రదర్శన అయిపోతే ఆ గోడ మీద గీత ఉండదు. అయినా మనిషికి తల ఉండాల్సిన చోట దీపాన్నో యంత్రాన్నో పెట్టినప్పుడు, ఆ ఒంటికి ఏం జరిగిందో ఎవరికీ విడమరిచి చెప్పక్కర్లేదు.

ఇంకో మాట, పనికొచ్చేది. మీరు కొనే చార్‌కోల్ కట్టె కాల్చి చేసింది. బాయి బొగ్గు గట్టిది, కాగితాన్ని గీరుతది తప్ప పట్టుకోదు. మెత్తగ నూరి, పల్చటి గుడ్డల జల్లించి, తుమ్మజిగురు నీళ్లల్ల కలిపి చూడు. నూరేటప్పుడు ముక్కుకు గుడ్డ కట్టుకో, ఆ దుమ్ము ఊపిరితిత్తులను ఏం చేస్తదో మన ఇంట్ల చూసినవు. ఆ బొగ్గు ఏ బాయిదో, ఏ సీమ్‌దో బొమ్మ వెనక రాయి.

1990ల మొదట్ల సింగరేణిలో లక్షకు పైగా కార్మికులు ఉండేటోళ్లు, ఇప్పుడు సుమారు 40 వేలు. తట్టా చెమ్మస్ పట్టి టబ్బులు నింపిన ఫిల్లర్లు ముసలోళ్లయిన్రు. 1971లో మొదలైన రామగుండం బి-థర్మల్ కరెంటు కేంద్రం 2024లో ఆగిపోయింది. అడిగి రాసుకోవడానికి మనుషులు ఇంకా ఉన్నరు, కానీ ఎక్కువ కాలం ఉండరు.

ఆ పోయిన ఊరి అవ్వల దగ్గర కూచో. ఫొటోలు తీయకు, ముందు అడుగు. బొడ్రాయి ఎక్కడ ఉండేది, దాని నుంచి చెరువు కట్టకు ఎంత దూరం, బోనాలు ఏ దారిన పోయేవి, ఎవరి గోడకు ఎవరి గోడ ఆనుకొని ఉండేది. ఇద్దరవ్వలు ఒక ఇంటి గురించి వాదులాడుకుంటే ఇద్దరి మాటా రాయి.

దసరాకు వచ్చేటప్పుడు కార్ట్రిడ్జ్ పేపర్ చుట్ట ఒకటి తెచ్చుకో. ఆ ఊరి ప్లాన్ మనిద్దరం కలిసి గీద్దం, స్కేలు, దిక్కు నేను చూసుకుంట. ఈలోపల ప్రదర్శన పెట్టేవాళ్లతో మాట్లాడి ముగ్గు బొమ్మలకు వేరే గోడ అడుగు.

ఆశీస్సులతో,
నీ పెద్దనాయిన