తండ్రి ఉండగానే అనాథలు

అనాథ అనగానే తండ్రి చనిపోయిన బిడ్డ మన మనసులో మెదులుతాడు. షరీఅత్ పరిభాషలో యతీమ్ అన్నా, యుక్తవయసు రాకముందే తండ్రిని కోల్పోయిన బిడ్డే. కాని తండ్రి బతికుండగానే దిక్కులేనివారైన పిల్లలు మన బస్తీల్లో ఉన్నారు. తండ్రి కూలి డబ్బులు మద్యం దుకాణం పాలవుతాయి. తల్లి నాలుగిళ్ళలో పాచిపని చేసినా అద్దెకు, బియ్యానికి చాలదు. చివరకు ఒక బిడ్డను దూరపు హాస్టల్‌కు, మరో బిడ్డను ఎవరింట్లోనో పనికి పంపేస్తుంది.

మద్యం షైతాను పనుల్లోని మాలిన్యమని, దానితో అతడు మనుషుల మధ్య శత్రుత్వాన్ని రేపుతాడని దివ్య ఖుర్ఆన్ హెచ్చరించింది (5:90, 91). ఆ శత్రుత్వానికి మొదట బలయ్యేది తాగేవాడి ఇల్లే. తల్లిని, బిడ్డను విడదీసేవాణ్ణి ప్రళయదినాన అల్లాహ్ అతని ఆప్తుల నుండి విడదీస్తాడని దైవప్రవక్త (స) చెప్పిన హదీసు తిర్మిజీలో ఉంది. యుద్ధఖైదీల విషయంలోనే ఇంతటి కట్టడి ఉంటే, మన పొరుగింటి తల్లి పట్ల మన బాధ్యత ఎంతటిది?

"డబ్బిస్తే అతను తాగేస్తాడు కదా!" అంటూ మనం చేయి వెనక్కి తీసుకుంటాం. సొమ్మును అవివేకుల చేతికి అప్పగించవద్దని చెప్పిన ఆయత్‌లోనే, వారికి తిండి, బట్ట ఇవ్వమన్న ఆదేశమూ ఉంది (4:5). కాబట్టి జకాత్ సొమ్మును అర్హురాలైన ఆ తల్లి చేతికే అందిద్దాం. తాగేవాణ్ణి కూడా శపించి వదిలేయకూడదు. మద్యం తాగి శిక్షపొందిన వ్యక్తిని కొందరు శపిస్తే, మీ సోదరునికి వ్యతిరేకంగా షైతానుకు తోడ్పడకండని దైవప్రవక్త (స) వారించారు (బుఖారీ). అతణ్ణి మద్యం మాన్పించే వైద్యానికి తీసుకెళ్ళడం మన పనే.

దెబ్బలతో ప్రాణానికే ముప్పున్న బిడ్డను అక్కడి నుంచి తప్పించాల్సిందే. అందుకు 1098కి ఫోన్ చేయాలి. కాని కేవలం పేదరికమే కారణమైతే బిడ్డను కాదు, ఆకలిని ఇంటినుంచి పంపాలి. పిల్లల్ని సంస్థలో చేర్చడం చివరి మార్గమేనని 2015 నాటి బాలల న్యాయచట్టం కూడా చెబుతోంది. ఇంటి దగ్గరే పెంచేందుకు అర్హులైన పిల్లలకు నెలకు 4,000 రూపాయల సాయాన్ని 2022 నాటి మిషన్ వాత్సల్య మార్గదర్శకాలు నిర్దేశించాయి. జిల్లా బాలల సంరక్షణ విభాగంలో దరఖాస్తు చేయాలి. చదువురాని తల్లికి ఆ కాగితాలు రాసిపెట్టడమూ సదఖాయే.

ఈ ఏడాది మన మహల్లాలో ఏ బిడ్డ ఇల్లు విడిచి వెళ్ళాడో ప్రతి మస్జిద్ కమిటీ వాకబు చేయాలి. ఆ బిడ్డను తల్లి ఒడికి చేర్చే భాగ్యాన్ని అల్లాహ్ మనకు ప్రసాదించుగాక! ఆమీన్.