సోషియాలజీ తీసుకుంటే ఏమొస్తది?

పన్నెండో తరగతి ఫలితాలొచ్చిన వారంలో సూరత్‌లోని సచిన్, పాండేసరా, ఉధ్నా, లింబాయత్‌లలోని మన తెలుగు ఇళ్ళలో వినపడేది ఒకటే మాట. "ఆర్ట్స్ తీస్కుంటే ఏమొస్తది సార్? మార్కులు రానోళ్ళు చదివే చదువు గదా అది!" ఈమధ్య ఈ మాటకు తోకొకటి మొలిచింది. అదే తండ్రి, ఊపిరి తీసుకోకుండా, "సోషియాలజీ అయితే ఐఏఎస్‌కు పనికొస్తదంట. సిలబస్ చిన్నదంట. హైదరాబాద్ పంపాల్నా, ఢిల్లీ పంపాల్నా?" అని అడుగుతున్నాడు. మొదటిది చిన్నచూపు, రెండోది అత్యాశ. ఆ సబ్జెక్టు ఏం నేర్పుతుందని మాత్రం ఎవరూ అడగరు. పక్కనే తల దించుకుని కూర్చున్న పిల్లకు అది ఇష్టమో కాదో అసలే అడగరు.

ముందు ఆ సబ్జెక్టేమిటో చూద్దాం. ఉదాహరణలకు దూరం పోనక్కర్లేదు.

2022 జనవరి 6న తెల్లవారకముందే సచిన్ జీఐడీసీలో ఒక ట్యాంకర్ నుంచి రసాయన వ్యర్థాలను కాలువలోకి వదులుతుండగా విషవాయువు లేచింది. పక్కనున్న మిల్లు కార్మికులు ఆరుగురు చనిపోయారు. 2024 జులై 6న సచిన్ పాలీ గ్రామంలో, కట్టి పదేళ్ళయినా నిండని అపార్ట్‌మెంట్ కుప్పకూలి ఏడుగురు పోయారు. వాళ్ళలో ఎక్కువమంది పొట్ట చేతబట్టుకుని వచ్చి అద్దెకున్నవాళ్ళు. పేపర్లో ఇవి ప్రమాదాలు. మనింట్లో "వాళ్ళ రాత". సోషియాలజీ విద్యార్థి అడిగే ప్రశ్నలు వేరు. ఆ వేళప్పుడు కార్మికులు మిల్లు దగ్గరే ఎందుకున్నారు? పగుళ్ళు కనబడుతున్నా ఆ ఇంట్లో ఉండేదెవరు, దాన్ని వదిలి పోగలిగిందెవరు? ఫిర్యాదు చేయాలంటే ఎవరి దగ్గర ఏ కాగితం ఉండాలి? అమెరికన్ సామాజికవేత్త సి. రైట్ మిల్స్ 1959లో 'ది సోషియలాజికల్ ఇమాజినేషన్' అనే పుస్తకం రాశాడు. ఒక మనిషికొచ్చిన కష్టానికీ, ఆ కష్టాన్ని పుట్టించే సమాజపు అమరికకూ మధ్య ఉన్న దారిని పట్టుకోవడమే ఈ శాస్త్రం పని అని అందులో చెప్పాడు. మొదటి ఏడాది పాఠాల్లో సగం దీని చుట్టూనే తిరుగుతాయి.

కుటుంబం అనే పాఠం తీసుకోండి. ఒకే గదిలో భార్యాభర్తలు, ఇద్దరు పిల్లలు ఉంటే చిన్న కుటుంబమని పరీక్షలో రాసేస్తాం. కానీ ఆ గదిలోంచి నెలనెలా సిరిసిల్లకో వరంగల్‌కో తల్లి మందులకు డబ్బు పోతుంది. చెల్లెలి పెళ్ళి అప్పులో వాటా ఉంటుంది. ఊళ్ళో ఇల్లు ఇంకా ఉమ్మడి పేరుమీదే ఉంటుంది. మరి ఇది చిన్న కుటుంబమా, ఉమ్మడి కుటుంబమా? గుజరాత్‌లోనే మహువా పట్టణంలో కుటుంబాలను పరిశీలించి ఐ.పి. దేశాయ్ 1964లో పుస్తకం తెచ్చారు. ఒకే కప్పు కింద ఎందరున్నారని లెక్కపెడితే చాలదని, ఆస్తినీ పరస్పర బాధ్యతలనూ చూడాలని ఆయన వాదన. సచిన్‌లో పెరిగిన తెలుగు పిల్లకు ఈ పాఠం బట్టీ పట్టే పని లేదు. ఆమె ఇల్లే ఆ పాఠం.

నా దగ్గరకొచ్చే పిల్లలకు కోచింగ్ పేరెత్తకముందు ఒక పని చెప్తాను. మీ చాల్‌లో గదిగదికీ వెళ్ళి నోట్‌బుక్‌లో రాసుకురండి. సూరత్‌కు ఎవరి వెంట వచ్చారు, గది ఎవరు ఇప్పించారు, ఏ షిఫ్టు, పగార్ నెలకా మీటరుకా, ఇంట్లో ఎవరెవరు ఏ పని చేస్తారు. ఒకమ్మాయి తన ఇంటితోనే మొదలుపెట్టింది. తండ్రి ఎదురుగా "సాంచెల (మరమగ్గాల) మీద, పన్నెండు గంటల షిఫ్టు" అని రాసింది. తల్లి ఎదురుగా "ఖాళీ" అని రాసింది. కాగితం తిరగేసి చూస్తే దాని మీద చీరకు అతికించే మెరుపు రాళ్ళు రెండు అంటుకుని ఉన్నాయి. ఇవెక్కడివమ్మా అంటే, "అమ్మ రాత్రి పదకొండు దాకా చీరలకు అతికిస్తది సార్. చీరకింతని ఇస్తరు" అంది. ఆ మాట అన్నాక తనే పెన్ను తీసుకుని "ఖాళీ" కొట్టేసింది. ఇంటి నుంచి చేసే కూలి పని, లెక్కకెక్కని ఆడవాళ్ళ శ్రమ అంటూ ఏ గైడ్‌లో ఎన్ని పేజీలు చదివినా ఆ కొట్టివేత నేర్పినంత నేర్పవు. ఇలాంటి పనిలో రుచి పుట్టిన పిల్లలకు నేను ధైర్యంగా సోషియాలజీ చెప్తాను. ఇల్లిల్లూ తిరగడం విసుగనిపించినవాళ్ళకు ఎన్ని మార్కులొచ్చినా చెప్పను.

విచిత్రమేమిటంటే, ఈ శాస్త్రం నేర్చుకోవడానికి లోకం సూరత్ వచ్చింది. డచ్ సామాజికవేత్త యాన్ బ్రెమన్ 1960ల మొదట్లోనే దక్షిణ గుజరాత్ పల్లెల్లో పరిశోధన మొదలుపెట్టి, హళపతి వ్యవసాయ కూలీల నుంచి సూరత్ మగ్గాల కార్మికుల దాకా దశాబ్దాల పాటు రాశాడు. ఆయన 'ఫుట్‌లూజ్ లేబర్' 1996లో వచ్చింది. ఐ.పి. దేశాయ్ 1969లో స్థాపించిన సంస్థ ఇవాళ సెంటర్ ఫర్ సోషల్ స్టడీస్ పేరుతో వీర్ నర్మద్ దక్షిణ గుజరాత్ యూనివర్సిటీ ప్రాంగణంలోనే ఉంది. 1994 సూరత్ ప్లేగు మీద పుస్తకం రాసిన ఘనశ్యామ్ షా ఆ సంస్థలో పనిచేసినవారే. సచిన్ నుంచి సిటీ బస్సెక్కితే అందే దూరం. మన పిల్లలు మాత్రం దాని గేటు కూడా చూడకుండా ఢిల్లీ రైలెక్కుతారు.

ఆ ఢిల్లీ సంగతికొద్దాం. సివిల్స్ మెయిన్స్‌లో ఆప్షనల్‌కు రెండు పేపర్లు, 500 మార్కులు. సోషియాలజీ సిలబస్ మిగతావాటితో పోలిస్తే చిన్నదే, కాదనను. జనరల్ స్టడీస్‌లో భారతీయ సమాజం భాగానికీ, తెలంగాణ గ్రూప్-1 మూడో పేపర్‌కూ, ఆంధ్రప్రదేశ్ గ్రూప్-2 స్క్రీనింగ్‌లోని భారతీయ సమాజానికీ అది కలిసొస్తుంది. ఇంతవరకు నిజం. మిగతా నిజం కూడా వినండి. 2023 సివిల్స్‌కు పది లక్షలకు పైగా దరఖాస్తులొస్తే చివరికి ఎంపికైంది 1,016 మంది. సిలబస్ చిన్నదైతే అందరికీ చిన్నదే. మెట్‌పల్లి నుంచి వెళ్ళి 2017 సివిల్స్‌లో మొదటి ర్యాంకు తెచ్చుకున్న దురిశెట్టి అనుదీప్ పేరు ప్రతి తండ్రికీ తెలుసు. అది ఆయన ఐదో ప్రయత్నమనీ, అప్పటికే చేతిలో ఐఆర్ఎస్ ఉద్యోగం ఉందనీ ఎంతమందికి తెలుసు? పడితే పట్టుకోవడానికి కొమ్మ ఉన్నవాడు ఎక్కిన చెట్టది. మీటర్ల లెక్కన సంపాదించే ఇంటి నుంచి, చిట్టీ ఎత్తి, పెద్దన్న పెళ్ళి వాయిదా వేసి, డిగ్రీ కూడా పూర్తికాని పిల్లవాణ్ణి పంపితే వాడు చదివేది సోషియాలజీ కాదు. ఇంటి అప్పును చదువుతాడు.

కోచింగ్ ప్రకటనలను నమ్మకండి. ఒకే ర్యాంకర్ ఫొటో నాలుగు సంస్థల బోర్డుల మీద ఎలా ఉంటుందో ఎప్పుడైనా ఆలోచించారా? చాలాసార్లు ఆ అభ్యర్థి వాళ్ళ దగ్గర తీసుకున్నది ఉత్త మాక్ ఇంటర్వ్యూ. ఈ దగా ముదిరే కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2024 నవంబర్‌లో కోచింగ్ ప్రకటనల మీద ప్రత్యేకంగా మార్గదర్శకాలు తెచ్చింది. అదే ఏడాది జులైలో ఢిల్లీ ఓల్డ్ రాజేంద్రనగర్‌లో సెల్లార్ లైబ్రరీలోకి వాననీళ్ళు వచ్చి ముగ్గురు విద్యార్థులు చనిపోయారు. అక్కడి గదులూ అద్దెలూ చూసినవాళ్ళకు సచిన్ చాల్‌లు గుర్తొస్తాయి. ఇంకో కొత్త వల "డిగ్రీ ప్లస్ ఐఏఎస్" ప్యాకేజీ. బీఏ సోషియాలజీకి ప్రైవేటు కాలేజీలో లక్షలు కట్టించుకుని, సాయంత్రం కరెంట్ అఫైర్స్ క్లాసు తగిలిస్తారు. ఆ బీఏ ప్రభుత్వ కాలేజీలో ఆ ఖర్చులో చిన్న వంతుకే వస్తుంది. చదవాల్సిన పుస్తకాల్లో మొదటి వరుసవి ఎన్‌సీఈఆర్‌టీ పదకొండు, పన్నెండు తరగతుల సోషియాలజీ పుస్తకాలు, ఆ తర్వాత ఇగ్నో పాఠాలు. రెండూ నెట్‌లో ఉచితం.

ఇప్పుడు అందరూ మరిచిపోయే మాట. "మా పోరగాడు గ్రూప్-1 కొడతడు" అని హైదరాబాద్ అశోక్‌నగర్ కోచింగ్‌కు పంపే సచిన్ తల్లిదండ్రులు ఒక్క కాగితం చూసుకోరు. తెలంగాణలో 2018 రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం స్థానికత తేలేది ఒకటి నుంచి ఏడో తరగతి వరకు ఎక్కువ ఏళ్ళు ఎక్కడ చదివారన్నదాని మీద. పోస్టుల్లో 95 శాతం స్థానికులకే. సూరత్ మున్సిపల్ స్కూల్లో ఒకటి నుంచి ఏడు వరకు చదివిన పిల్లవాడు, అది తెలుగు మీడియమే అయినా, ఇంట్లో తెలంగాణ యాసే మాట్లాడినా, ఆ లెక్కలో స్థానికేతరుడు. మిగిలిన ఐదు శాతంలో అందరితో పోటీ పడాలి. ఇటు గుజరాత్ పబ్లిక్ సర్వీస్ కమిషన్ పరీక్షలో గుజరాతీ పేపర్ ఉంటుంది. రిజర్వేషన్ సంగతి మరీ చిక్కు. ఒక రాష్ట్రంలో ఎస్సీ, ఎస్టీ అయినంత మాత్రాన వలస వచ్చిన రాష్ట్రంలో ఆ హక్కు రాదని 1990లో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ కేసు వేసినవాడూ తెలుగువాడే, మర్రి చంద్రశేఖరరావు. బొంబాయి మెడికల్ కాలేజీ సీటు కోసం పోరాడి ఓడిపోయాడు. వలస మీద థియరీ చదివే పిల్లలకు అది తమ సర్టిఫికెట్ మీదే రాసి ఉందని తెలియకపోవడం నన్ను ఎప్పుడూ చిరాకు పెడుతుంది. యూపీఎస్సీ, ఎస్ఎస్‌సీ వంటి కేంద్ర పరీక్షలకు ఈ స్థానికత గొడవ లేదు.

మరి ఏ దారి? నా మొగ్గు దాచుకోను. బీఏ సూరత్‌లోనే చదవండి, ఇంటి తిండి తింటూ, గుజరాతీ రాయడం గట్టిగా నేర్చుకుంటూ. పన్నెండో తరగతి ఏ గ్రూపైనా పర్వాలేదు, ప్రవేశాలు గుజరాత్ ప్రభుత్వ జీకాస్ పోర్టల్‌లో. తర్వాత ఎంఏకు సీయూఈటీ-పీజీ రాసి హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీ లాంటి చోటికి వెళ్ళండి. ఖర్చు పెట్టదలిస్తే అప్పుడు పెట్టండి. ఎంఏలో స్టాటిస్టిక్స్ చూసి పారిపోకండి. సర్వే పత్రం తయారుచేసి, జవాబులను కంప్యూటర్లో పట్టికలుగా మార్చగలిగినవాడికి పని దొరుకుతుంది. సిద్ధాంతాలు మాత్రమే వల్లించేవాడికి దొరకదు. తెలుగు, గుజరాతీ, హిందీ మూడూ వచ్చిన పరిశోధక సహాయకులు దేశంలో ఎంతమంది ఉంటారో ఊహించుకోండి. యూజీసీ నెట్ పరీక్ష రాసి జేఆర్ఎఫ్ ఫెలోషిప్ వస్తే నెలకు 37,000 రూపాయలు.

పరిశోధన మీద మనసు లేనివాళ్ళకు ఎంఎస్‌డబ్ల్యూ (మాస్టర్ ఆఫ్ సోషల్ వర్క్) ఉంది. సచిన్ లాంటి చోట దాని విలువ వేరు. 1948 ఫ్యాక్టరీల చట్టం 500 మంది కార్మికులున్న ఫ్యాక్టరీలో సంక్షేమాధికారి ఉండాలంది. 2020 వృత్తి భద్రత కోడ్ ఆ సంఖ్యను 250కి దించింది. అదే కోడ్ కరెంటుతో నడిచే ఫ్యాక్టరీ నిర్వచనాన్ని పదిమంది నుంచి ఇరవైమందికి పెంచింది కూడా. అంటే పెద్ద మిల్లులో మీకో ఉద్యోగం వస్తుంది, మీ నాన్న పనిచేసే చిన్న మగ్గాల ఖాతా చట్టం చూపు నుంచి జారిపోవచ్చు. సూరత్ మగ్గాల కార్మికుల మధ్య పనిచేస్తున్న ఆజీవికా బ్యూరో లాంటి సంస్థలకు ఈ రెండు వైపులూ తెలిసిన మనుషులు కావాలి. జీతం మొదట్లో తక్కువే, ఎంబ్రాయిడరీ మాస్టర్ సంపాదన కంటే తక్కువగానూ ఉండొచ్చు. మొదటి నెల నుంచే ఇల్లు నడపాల్సిన పిల్లవాడైతే ముందు ఐటీఐ చేసి పనిలో చేరి, బీఏ దూరవిద్యలో చదవడం మేలు. ఇందులో నామోషీ ఏమీ లేదు.

అన్నల్లారా, అక్కల్లారా, ఈ సెలవుల్లో ఊరికి పోయేముందు రెండు పనులు చేయండి. పిల్లల ఒకటి నుంచి ఏడు తరగతుల బోనఫైడ్‌లు స్కూలు నుంచి తెచ్చి, స్థానికత ఎటు పడుతుందో ముందే చూసుకోండి. హైదరాబాద్‌లో గది అడ్వాన్సు ఆ తర్వాతే. రెండోది, ఎన్‌సీఈఆర్‌టీ పదకొండో తరగతి సోషియాలజీ పుస్తకం ఫోన్‌లో దింపి పిల్ల చేతికివ్వండి. నెల తర్వాత ఆమె దాన్ని సగం కూడా చదవకపోతే, ఏ కోచింగ్‌కూ అడ్వాన్సు కట్టకండి.