గబ్బిలము నుండి ఊయల వరకు

ఎమ్మిగనూరులో నేతగాని యింట మగ్గము టకటక మ్రోగుచుండును. ప్రక్కనే ఊయలలో పసిబిడ్డ కదలక నిద్రించుచుండును. అది చప్పుడున కలవాటుపడిన నిద్రయా, లేక చెవుడా? పలుకనేరని శిశువు నడిగి తెలిసికొనుట యెట్లు? ఈ ప్రశ్నకు సమాధానము చూపినవారిలో ఒకడు, గబ్బిలముల వినికిడితో తన పరిశోధన నారంభించిన రాబర్ట్ గలాంబస్.

ఈయన 1914లో అమెరికాలో జన్మించెను. ఆదోని కొండలయందు సంజచీకటిలో గబ్బిలములు దేనికిని తగులక ఎగురుచుండును గదా! ఆ రహస్యము నెరుగగోరి గలాంబస్, డొనాల్డ్ గ్రిఫిన్ అను హార్వర్డ్ విద్యార్థులు ఒక గదిలో తీగలు వ్రేలాడగట్టి గబ్బిలములను విడిచిరి. కన్నులు కప్పినను అవి తీగలను తప్పించుకొనెను. చెవులు గాని నోరు గాని మూసినచో తరచుగా తీగలకు కొట్టుకొనెను. గబ్బిలము మన చెవికందని కూతలు కూసి, వాని ప్రతిధ్వనులను విని త్రోవ తెలిసికొనునని వారు 1941లో ప్రకటించిరి. కొందరు పండితులు మొదట నమ్మరైరి. కాని గబ్బిలపు చెవి ఆ ధ్వనులకు స్పందించుటను గలాంబస్ విద్యుత్పరికరములతో నిరూపించెను.

పిదప ఆయన పిల్లులయందు ధ్వని మెదడును చేరు మార్గమును పరిశోధించెను. శబ్దము విన్నంతనే మెదడులో సూక్ష్మమైన విద్యుత్తరంగములు పుట్టును. తలపై చిన్న బిళ్ళలంటించి, నొప్పి లేకుండ వానిని గుర్తింపవచ్చును. ఈ విధముగా శిశువుల వినికిడిని పరీక్షింపవచ్చునని 1974లో గలాంబస్, కర్ట్ హెకాక్స్ చూపిరి. బిడ్డ నిద్రించుచుండగనే పరీక్ష జరుగును. లోపము ముందే తెలిసినచో తగిన సాయమంది, బిడ్డ మాట నేర్చుట సులభమగును.

గలాంబస్ 2010లో మరణించెను. గబ్బిలమునకు చీకటిలో త్రోవ యెట్లు తెలియునను ఒక యువకుని కుతూహలము, తమ బాధ చెప్పుకొనలేని పసివారికి మేలై ఫలించెను.