నటన లేని సినిమా



మనం చూసే సినిమాల్లో హీరో ఉంటాడు. పాటలుంటాయి. కొట్లాటలుంటాయి. ఇవేవీ లేని సినిమాలు కూడా ఉన్నాయి. ఉన్నది ఉన్నట్టు చూపిస్తాయి. వాటిని డాక్యుమెంటరీలు అంటారు.

వాటిలో ఒక రకం ఉంది. తీసే మనిషి "ఇటు చూడు, అలా నడువు" అని చెప్పడు. ఇది మంచి, అది చెడు అని వివరించడు. కెమెరా పట్టుకుని ఓపిగ్గా చూస్తాడు. అంతే.

మదనపల్లె దగ్గర రిషి వ్యాలీ అనే బడి ఉంది. జిడ్డు కృష్ణమూర్తి ఆలోచనలతో నడిచే బడి. పిల్లలు అక్కడే ఉండి చదువుకుంటారు. డేవిడ్ మెక్‌డూగల్ అనే ఆయన ఆస్ట్రేలియా నుంచి వచ్చి, ఆ బడి మీద సినిమా తీశాడు. పేరు 'స్కూల్‌స్కేప్స్'. 2007లో వచ్చింది. గంటంపావు ఉంటుంది. అందులో కథ లేదు. బడి, పిల్లలు, వాళ్ల రోజు. తీర్పు చెప్పకుండా చూడాలని కృష్ణమూర్తి చెప్పేవారు. ఈ సినిమాకు అదే దారి.

ఇలా తీయడం తేలికేం కాదు. కెమెరా కనబడగానే పిల్లలు నవ్వుతారు, సర్దుకుంటారు. ఇన్‌స్పెక్టరు వచ్చిన రోజు బడి ఒకలా ఉంటుంది. ఆయన వెళ్లాక ఇంకోలా ఉంటుంది. మా టీచర్లకు ఆ సంగతి బాగా తెలుసు! ఆ రెండో బడి కనబడాలంటే చాలా రోజులు అక్కడే ఉండాలి.

సినిమా పుట్టింది కూడా ఇలాగే. 1895లో ఫ్రాన్సులో లూమియేర్ అన్నదమ్ములు చిన్న చిన్న సినిమాలు తీశారు. ఒక్కొక్కటి నిమిషం కూడా ఉండదు. ఒకదానిలో ఫ్యాక్టరీ గేటు తెరుచుకుంటుంది. పని ముగించుకుని కూలీలు బయటికొస్తారు. వాళ్లలో ఎక్కువమంది ఆడవాళ్లే. హీరోలు తర్వాత వచ్చారు.

ఇప్పుడు ఫోన్లలోనే కెమెరా ఉంది. మీ పిల్లల్ని ఎవరైనా తీస్తామంటే అడగండి. ఎందుకు తీస్తున్నారు? ఎవరికి చూపిస్తారు? ముందు మాకు చూపిస్తారా? అడిగే హక్కు తల్లికి ఉంది. పిల్ల వద్దంటే వద్దు.

తర్వాత మెక్‌డూగల్ కెమెరాను పిల్లల చేతికే ఇచ్చాడు. ఢిల్లీలో పదకొండేళ్ల పిల్లలకు తీయడం నేర్పాడు. వాళ్లు తీసిన నాలుగు చిన్న సినిమాలు 2013లో వచ్చాయి. ఒక బాబు తమ కొట్టును తీశాడు. ఒక పాప, ఆడపిల్లను మగపిల్లాడితో సమానంగా ఎందుకు చూడరని అడుగుతూ తీసింది.

మన పల్నాడు పాపకు కెమెరా ఇస్తే ఏం తీస్తుంది? మిరప కోతలు మొదలైతే నా తరగతిలో కొందరు ఆడపిల్లలు కనబడరు. హాజరు పట్టీలో 'రాలేదు' అని గుర్తు పెడతాను. ఎందుకు రాలేదో పట్టీలో ఉండదు. తమ్ముడు పలక పట్టుకుని బడికి, తను సద్ది పట్టుకుని చేలోకి పోవడం ఆ పాప తీయగలదు.

మాట్లాడుకోండి, రాయండి:

మీ పాప బడిలో ఎక్కడ కూర్చుంటుంది? ఎవరి పక్కన? మీరు చూశారా?

మీ చేతికి కెమెరా ఇస్తే ముందు ఏం తీస్తారు? రెండు వాక్యాలు రాయండి.