గుణచిత్ర నటులు గుమ్మడి వేంకటేశ్వరరావు గారు

నాటకమనినంతనే బాలబాలికలకు రాజు వేషమో, కథానాయకుని వేషమో స్ఫురించును. వార్షికోత్సవమునకు వేషములు పంచునపుడు ముసలితండ్రి వేషము లభించిన విద్యార్థి చిన్నబుచ్చుకొనుట ప్రతి పాఠశాలయందును కలదు. "మా పిల్లవానికి చిన్న వేషమిచ్చితిరే" యని నొచ్చుకొను తలిదండ్రులును కలరు. అట్టివారందరు తెలిసికొనదగిన చరిత్ర యొకటి యున్నది.

కథానాయకుడు గాక, కథకు వలసిన తండ్రి, అన్న, మంత్రి, జమీందారు మున్నగువారి స్వభావములను రూపుకట్టించువానిని గుణచిత్ర నటుడందురు. తెలుగు చలనచిత్రములలో చిత్తూరు నాగయ్య, ఎస్.వి. రంగారావు గార్ల సరసన నిలువదగిన అట్టి నటులు గుమ్మడి వేంకటేశ్వరరావు గారు.

వీరు 1927వ సంవత్సరము జూలై 9వ తేదీన, గుంటూరు జిల్లాలో తెనాలికి సమీపముననున్న రావికంపాడు గ్రామమున, వ్యవసాయ కుటుంబమునందు జన్మించిరి. పాఠశాలలో చదువుకొను దినములలోనే "పేదరైతు" అను నాటకమున వృద్ధుడైన రైతు వేషమును ధరించిరి. పిన్నవాడు ముసలి వేషము వేసినచో సభలోనివారు నవ్వుట సహజము. కాని ఆ వేషమే వీరి జీవితమునకు దారిచూపినది.

ఆ కాలమున తెలుగు చిత్రములకు మదరాసు నగరమే స్థానము. అచట వీరు 1950లో "అదృష్టదీపుడు" చిత్రముతో నటజీవితమును ప్రారంభించిరి. 1953లో "పిచ్చిపుల్లయ్య" యందు ప్రతినాయకులైరి. 1955లో వచ్చిన "అర్ధాంగి" యందు వృద్ధ జమీందారుగా నటించిరి. అప్పటికి వీరికి ఇరువదియేడేండ్లు మాత్రమే. అందు కుమారుని వేషము ధరించిన అక్కినేని నాగేశ్వరరావు గారు వయస్సున వీరికంటె పెద్దవారు! 1957లో "మాయాబజార్" నందు వీరు బలరాములు. తమ్ముడైన శ్రీకృష్ణుని వేషము ధరించిన నందమూరి తారకరామారావు గారు వీరికంటె నాలుగేండ్లు పెద్ద. 1962లో "మహామంత్రి తిమ్మరుసు" నందు ఆ రామారావు గారే శ్రీకృష్ణదేవరాయలై వీరిని "అప్పాజీ" యని పిలిచిరి. చూచువారికి ఇందేదియు వింతగా తోచలేదు. ఆ చిత్రమునకు రాష్ట్రపతి రజత పతకము లభించినది.

ఇది యెట్లు సాధ్యమయ్యెను? తల నెరసినట్లు చూపుట వేషధారణ చేయువారి పని. వృద్ధుని మనస్సును చూపుట నటుని పని. గుమ్మడివారు తొందరపడి మాటలాడరు. ఎదుటివాని మాటను చివరివరకు విందురు. విన్నది ముందు కన్నులలో కనబడును, పిదప నోట వెలువడును. బలరాముడు దుర్యోధనుని పొగడ్తలకు లొంగిపోవును. అయినను ఆయన పెద్దరికము చెడదు. తిమ్మరుసు చేయని నేరమునకు కన్నులు కోల్పోవును. అయినను రాజునందలి వాత్సల్యమును కోల్పోడు. కేకలు లేకయే ఆ దుఃఖము మన హృదయమును తాకును.

వీరికి 1977లో పద్మశ్రీ బిరుదమును, 1998లో రఘుపతి వెంకయ్య పురస్కారమును లభించినవి. ముదిమియందు కంఠస్వరము దెబ్బతినెను. 1995లో వచ్చిన "ఆయనకి ఇద్దరు" చిత్రమున వీరి పాత్రకు నూతన్ ప్రసాద్ గారు గొంతునిచ్చిరి. మాటయే ప్రాణముగా బ్రతికిన నటునకు ఇంతకంటె కష్టమేమి కలదు? పిమ్మట వీరు ధరించిన వేషములు మిక్కిలి కొద్ది. రంగులు దిద్దిన "మాయాబజార్"ను కన్నులార చూచి, 2010 జనవరి 26వ తేదీన హైదరాబాదున పరమపదించిరి.

మన ఏ.ఎస్. రావు నగర్‌వారికి ఇట్టి నటులతో పరిచయము కలుగుటకు ఒక విశేష కారణము కలదు. ఈ ప్రాంతమునకు పేరైన అయ్యగారి సాంబశివరావు గారు 1967లో ఈ.సి.ఐ.ఎల్. సంస్థను నెలకొల్పిరి. ఆ సంస్థ చేసిన టెలివిజన్ పెట్టెలు అనేక గృహములలో వెలసినవి. 1977లో హైదరాబాదు దూరదర్శన్ కేంద్రము ప్రారంభమయిన పిదప, పాత చిత్రములు ఇంటిముంగిటికే వచ్చినవి. కొట్టకములలో గుమ్మడివారిని చూడని తరమువారును ఆ పెట్టెలయందే వారిని చూచి, తమ తాతను చూచినట్లు ఆదరించిరి.

విద్యార్థులారా! సెలవులలో "మహామంత్రి తిమ్మరుసు"ను పెద్దలతో కూర్చుండి చూడుడు. ఇతరులు మాటలాడుచుండగా తిమ్మరుసు ఏమి చేయుచున్నాడో గమనించి వ్రాసికొనుడు. రాబోవు వార్షికోత్సవమున ముసలితండ్రి వేషము మీకు వచ్చినచో ఆ కాగితమును తీసి చదువుకొనుడు. మీకు లభించినది చిన్న వేషము కాదని అప్పుడు తెలియును.