పోటీ పరీక్షల ప్రత్యేకం: ఆధార్ సంఖ్యను తిరిగి పొందు విధము

వేగవతీ తీరస్థమైన సాలూరు 2022 ఏప్రిల్ 4న విజయనగరం జిల్లానుండి విడివడి పార్వతీపురం మన్యం జిల్లాలో చేరినను, అచ్చటి కొండదిగువ వృద్ధురాలు పింఛనుకై, చౌకదుకాణపు బియ్యమునకై చూపవలసిన 12 అంకెల ఆధార్ సంఖ్య మాత్రము మారలేదు.

ఆ సంఖ్యలో మొదటి అంకె సున్నయుగాని ఒకటియుగాని కానేరదు. చివరి అంకె తక్కిన పదునొకండింటి తప్పొప్పులను పరీక్షించునది. 2009 జనవరి 28న ఏర్పడిన విశిష్ట గుర్తింపు ప్రాధికార సంస్థ, 2010 సెప్టెంబరు 29న మహారాష్ట్రలోని తెంభ్లీ గ్రామమున తొలి సంఖ్యలను ప్రదానము చేసెను. సంక్షేమ ప్రయోజనములకు దీనిని కోరుట రాజ్యాంగసమ్మతమని 2018 సెప్టెంబరు 26న సుప్రీంకోర్టు తీర్పు చెప్పెను.

కార్డు పోయి, సంఖ్యయు స్మృతిపథమునుండి జారినప్పుడు, నమోదునాడు కొంగున ముడివేసికొని తెచ్చిన రసీదు ట్రంకుపెట్టె అడుగున నున్నదేమో మొదట వెదకవలెను. దానిపై 14 అంకెల నమోదు సంఖ్యయు, తేదీయు, సమయమును ఉండును. అదియు లేనిచో, నమోదైన మొబైలునకు వచ్చు ఓటీపీతో సంస్థ వెబ్‌సైటునందు తిరిగి పొందవచ్చును. మొబైలు నమోదు కానివారు ఆధార్ కేంద్రమున వేలిముద్ర నొసగవలెను.

గుర్తుంచుకొనుడు: సహాయవాణి సంఖ్య 1947, అది మన స్వాతంత్ర్య సంవత్సరమే.